బీపీ చూడడానికి మోసుకెళ్లిన కుర్చీ

ఆ రోజు వసారాలో ఉన్నవాళ్లం నలుగురం. యాభై దాటిన ఒక కూలీ ముఠా పెద్ద, నులక మంచం మీద ఆమె మామ, ఆ ఊరి నర్సు, నేను. వస్తువులు: బీపీ మిషన్, గోలీల పెట్టె, తెల్లారితే ప్రయాణానికి మూతికట్టి ఉంచిన రెండు సంచులు, చుట్టిన టార్పాలిన్, నేను బైకు వెనక కట్టుకొచ్చిన ఎర్ర ప్లాస్టిక్ కుర్చీ. స్థలం మహబూబాబాద్ దాటాక ఒక తండా.

కుర్చీ ఎందుకు ఉందో చెప్పాలంటే నా ఉద్యోగం గురించి చెప్పాలి. జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి జిల్లాల్లో ఇంటి దగ్గరే బీపీ చూసి నెలకు సరిపడా గోలీలు ఇచ్చే కార్యక్రమం ఒకటి నడుస్తోంది. ఇలా చేస్తే బీపీ అదుపులో ఉంటుందని వేరే చోట్ల చేసి చూసి తేల్చారు. అది నిజమో కాదో చూడడం మా పని కాదు. నిజమని తేలినదాన్ని మా ఊళ్లలో ఎలా నడిపించాలో ప్లాన్ వేయడం మా పని. నేను చదివింది ఇంజనీరింగ్. భాగాలన్నీ సరిగ్గా బిగిస్తే మిషన్ తిరుగుతుందని నేర్చుకున్నవాణ్ణి.

జనగామ మీటింగులో గోడకు పెద్ద కాగితం అంటించి నాలుగు గళ్లు గీశాం. అడ్డంకి, ఉపాయం, ఎవరు చేస్తారు, జరిగిందని ఎలా తెలుస్తుంది. నాలుగో అడ్డంకి నేను రాసిందే. బీపీ చూసేటప్పుడు మనిషి వీపు దేనికైనా ఆనాలి, పాదాలు నేల మీద ఉండాలి, చెయ్యి గుండె ఎత్తులో ఉండాలి, అయిదు నిమిషాలు మాట్లాడకూడదు. మా వాళ్లేమో నేల మీద గొంతుక్కూర్చుని, పక్కింటివాళ్లతో మాట్లాడుతూ చెయ్యి చాపుతారు. ఉపాయం: కుర్చీ తీసుకెళ్లడం. ఎవరు: నేను. ఎలా తెలుస్తుంది: కుర్చీ కనిపిస్తుంది. కార్యక్రమం చూసే డాక్టరు ఆ గడి చదివి, "పొద్దున్నుంచి నాకు సమజైన పాయింట్ గిదొక్కటే" అన్నారు.

లింగాల ఘనపూర్ దగ్గర ఒక ముసలాయన నా బైకు ఆపాడు.

"కుర్చీ ఎంతకిస్తవ్? పాత ఇనుము తీసుకుంటవా?"

"అమ్మెటోన్ని కాదు తాతా. బీపీ చూసెటోన్ని."

"బీపీ ఉంటే కుర్చీ ఇస్తరా మరి?"

కొడకండ్లలోనూ ఇదే బేరం. అయినా ఆ రెండు మండలాల్లో కుర్చీ తన పని తాను చేసింది. కూర్చోమంటే కూర్చున్నారు. నేను గడిలో టిక్కు పెట్టుకున్నాను.

తండాలో మాత్రం, నేను కుర్చీ విప్పి వసారాలో వేయగానే, ముఠా పెద్ద దాన్ని కొంగుతో తుడిచి నా వైపు జరిపింది.

"కూసో సారూ."

"నాకు కాదమ్మా, నీకే."

ఆమె నవ్వి నేల మీద కూర్చుంది. నర్సు అలవాటు కొద్దీ అలాగే పట్టీ చుట్టి చూసింది. నూట యాభై ఆరు, తొంభై ఆరు. ఆమె ఆ సేపంతా మాట్లాడుతూనే ఉంది. "రేపు పొద్దుగాల్నే బండొస్తది నర్సమ్మా. గోదావరి ఒడ్డుకు, భూపాలపల్లి దిక్కు మిర్చి ఏరవోతున్నం. రైతుకు మాటిచ్చిన. గోలీలు నెలకు సరిపోను ఇయ్యి. నిరుడు మా అక్కకు చేన్లనే కాలు చెయ్యి పడిపోయినయ్. గవి లేకుంటే నాకు భయం."

మా నియమం ఇది. పై అంకె నూట అరవై కానీ, కింది అంకె వంద కానీ తాకితే నెల గోలీలు ఇవ్వకూడదు. దవాఖానకు పంపి వారం వారం చూడాలి. ఆమె నూట యాభై ఆరు. కానీ నేల మీద, మాట్లాడుతూ. ఆ కొలత చెల్లదని చెప్పాను.

"కుర్చీల కూసో యాడీ, అయిపోతది," అంది నర్సు. అమ్మను వాళ్ల భాషలో యాడీ అంటారు.

ఆమె కదలలేదు. గొంతు తగ్గించి నర్సుతో, "మామ మంచంల ఉన్నడు గదా," అంది.

మామ ముందు కోడలు ఎత్తు మీద కూర్చోదు, ఆయనతో నేరుగా మాట్లాడదు. ఆయనకు తుంటి ఎముక విరిగినప్పటి నుంచి మంచం దిగడం కష్టం. లోపలి గదిలో అమ్ముడుపోని పత్తి కప్పుదాకా ఉంది, కుర్చీ పట్టదు. బయట వాకిట్లో వేస్తే వరసకు బావలయ్యేవాళ్లు ఎదురుగా బీడీలు తాగుతున్నారు, వాళ్ల ముందూ అంతే.

చివరికి నా మాట తీసెయ్యలేక ఆమె కుర్చీ అంచున కూర్చుంది, కొంగు ముక్కుదాకా లాక్కుని. నూట అరవై ఎనిమిది, నూట రెండు.

మంచం మీది నుంచి ముసలాయన అందుకున్నాడు. "నేనేం జూస్తలేను. గోడ దిక్కు తిరిగిన. మంచిగ కూసొమ్మను."

"కండ్లు మూసిండా నర్సమ్మా?" కోడలు అడిగింది.

"మూసిండు తియ్."

"సందులకెల్లి జూస్తలేడు గద?"

"ఈ వయసుల నిన్ను జూసి నాకేమొస్తది బిడ్డా?" అన్నాడాయన గోడతో. "పాణం మంచిగున్నదా లేదా గంత జెప్పుండ్రి. కుర్చీతోని ఏం బని?"

రెండోసారి: నూట యాభై ఎనిమిది, తొంభై ఎనిమిది. కుర్చీ కొలతలు రెండిటి సగటు నూట అరవై మూడు, వంద. నియమం ప్రకారం గోలీలు లేవు.

రెండు కొలతల మధ్య పై అంకెలో తేడా పదికి మించితే మూడోసారి చూసి, చివరి రెండిటి సగటు తీసుకోవాలని మా పుస్తకంలో ఉంది. ఇక్కడ తేడా సరిగ్గా పది. పది అయితే ఏం చేయాలో లేదు. డాక్టరుకు ఫోన్ చేశాను.

"పదికి మించితే మూడోసారి," అన్నారు.

"పదే ఉంది సార్."

"మించలేదు గదా."

"మించలేదు సార్. తగ్గలేదు గూడ."

"రాసినట్టు చెయ్యి నాయినా, మీటింగుల ఉన్న."

రాసినట్టే చేయాలనుకున్నాను. గోలీల పెట్టె మూత వేయబోతుంటే ఆమె నా చేతిని చూసింది. "ఇయ్యకున్నా పోతా సారూ. పదహారు మంది నా మాట మీద వస్తున్నరు. గోలీలు లేకుంట పోతా, అంతే."

పెట్టె మూత వేయలేదు. నియమం పెట్టింది ఆమెకు ఏమీ కాకూడదని. అదే నియమం పాటిస్తే ఆమె మందు లేకుండా నది ఒడ్డుకు పోతుంది. ఈ రెండూ ఒకే కాగితంలో ఎక్కడ పట్టాలో నాకు తోచలేదు. పాటించకపోతే, ఆమె నిజంగానే నూట అరవై ఎనిమిది మనిషైతే?

అప్పుడు గురక వినిపించింది. ముసలాయన కళ్లు మూసుకున్నవాడు మూసుకున్నట్టే నిద్రపోయాడు. ఆమె కొంగు కొంచెం జరిపి అటు చూసింది, భుజాలు కదిలేలా చప్పుడు లేకుండా నవ్వింది, మెల్లగా వెనక్కి జరిగి వీపు ఆనించింది. మొదటిసారి ఆమె కుర్చీలో కూర్చున్నట్టు కనిపించింది.

"ఇంకోపారి చూస్త," అంది నర్సు, నన్ను అడక్కుండానే. ఎవరం మాట్లాడలేదు. నూట యాభై నాలుగు, తొంభై నాలుగు.

చివరి రెండిటి సగటు వేశాను. నూట యాభై ఆరు, తొంభై ఆరు. నేల మీద, మాట్లాడుతూ వచ్చి, చెల్లదన్న అంకె అదే. రెండుసార్లు లెక్క చూసుకున్నాను, అదే వచ్చింది.

నెల గోలీలు ఇచ్చాం. తిరిగి వస్తూ ఆ రోజు గడులు నింపబోయాను. అడ్డంకి: మామ. ఉపాయం: నిద్ర. ఎవరు చేస్తారు: మామ. కొట్టేశాను. అడ్డంకి: కుర్చీ, అని రాశాను. అదీ కొట్టేశాను, ఎందుకంటే కొడకండ్లలో అదే కుర్చీ ఉపాయం.

మూడు వారాల తర్వాత భూపాలపల్లిలో అదే ప్లాన్ మీటింగ్ పడింది. ఆ జిల్లాకు ఎన్ని కుర్చీలు కావాలో చెప్పమన్నారు. ఆ గడి ఖాళీగా పెట్టుకుని ముందురోజే బయల్దేరి, మిషన్ సంచిలో వేసుకుని, ఆమె ఫోనులో చెప్పిన గుర్తుల ప్రకారం చేను వెతుక్కుంటూ పోయాను. కల్లంలో ఆరబోసిన మిర్చి ఘాటుకు దగ్గు ఆగలేదు. ఆమె దూరం నుంచే అరిచింది.

"కుర్చీ ఏది సారూ? అమ్ముకున్నవా?"

ముఠా అంతా నవ్వింది. ఆమె ఒక మిర్చి బస్తా మీద కూర్చుంది. వెనక ఇంకో రెండు బస్తాలు ఒకదాని మీద ఒకటి. వీపు ఆనింది. పాదాలు నేల మీద. చెయ్యి పక్క బస్తా మీద, సరిగ్గా గుండె ఎత్తులో. పుస్తకంలో ఉన్నవన్నీ ఉన్నాయి. అయిదు నిమిషాలు ఆమె ఒక్క మాట మాట్లాడలేదు. నేనే దగ్గుతూ ఉన్నాను. ఖాళీ గోలీల అట్టలు కొంగు ముడిలోంచి తీసి చూపించింది. వాటిలో ఒక్క గోలీ మిగలలేదు, వచ్చే వారానికి ఉండాల్సిన అట్ట మాత్రం నిండుగా ఉంది.

"ఉండాల్నా, పోవాల్నా, గది జెప్పు," అంది.

మొదట నూట యాభై, తొంభై రెండు. కాసేపాగి నూట నలభై ఆరు, తొంభై. మేము చేరాలనుకున్న నూట నలభైకి పైన, దవాఖానకు పంపాల్సిన నూట అరవైకి కింద. తగ్గింది గోలీల వల్లో, బస్తాల వల్లో, మామ ఇక్కడ లేకపోవడం వల్లో నాకు తెలియదు.

"ఉండమ్మా. గోలీలు ఆపకు. తండాకు పోంగనే నర్సుకు చూపియ్యి," అన్నాను.

ఆమె లేచి చేలోకి పోయింది. నేను ఆ బస్తా మీదే కూర్చుని రాసుకున్నాను. సగటు: నూట నలభై ఎనిమిది, తొంభై ఒకటి.