నెరాద్ దొర కొన్న బిడ్డ

మా అమ్మకి నాకు ముందు పుట్టినవాళ్ళు దక్కలేదు. అందుకని నేను పుట్టగానే నన్ను ఊరి చివర పెంటకుప్ప మీద పడుకోబెట్టి, వేరే ఆవిడ చేత ఎత్తించి, పెంటడు అని పిలిచారు. పనికిమాలినదాన్ని చావు ముట్టుకోదని నమ్మకం. మా వైపు ఇలాంటి పేర్లు ప్రతి వీధిలోనూ ఉంటాయి. అక్కడ ఎవరూ నవ్వరు. ఆ పేరు ఎంత బరువో నాకు ఓడెక్కి బర్మాలోని రంగం, అదే రంగూను, వెళ్ళాకే తెలిసింది.

రంగంలో మొదట రేవులో మూటలు మోసాను. తర్వాత చౌక్తడా పేటలో ఒక గాజుల దొర కొట్టులో కుదిరాను. గాజులు, పూసలు, రంగు బొత్తాలు ఓడ మీద పెట్టెల్లో వచ్చేవి. పెట్టె విప్పడం, గడ్డి దులపడం, పగిలినవి ఏరి పారెయ్యడం, మిగిలినవి దారానికి గుచ్చి మోళీలు, అంటే గుత్తులు, కట్టడం నా పని. నా చేతులకి ఎప్పుడూ గాజుపెంకు గాట్లు ఉండేవి.

ఆ దొరని బజారులో అందరూ జర్మనీవాడు అనేవారు. అలా అంటే ఆయనకి గిట్టేది కాదు. పెద్ద యుద్ధం అయ్యాక తమకో కొత్త దేశం వచ్చిందనీ, తాను చెక్ జాతివాణ్ణనీ ఓపిగ్గా చెప్పేవాడు. ఆ దేశం పేరు మాకెవరికీ నోరు తిరగలేదు. ఆయన పేరు మాత్రం పొట్టిది, నెరాద్. తలుపు మీద బోర్డుకి ఆ ఒక్క మాటే రాయించుకున్నాడు. ఇంటిపేరు నాకు తెలుసు, ఇక్కడ రాయను. అప్పటికి నాకు ఏ భాషలోనూ ఒక్క అక్షరం రాదు. తల నెరిశాక నేర్చుకున్నాను. కాబట్టి ఉన్నది ఉన్నట్టు రాయడమే తప్ప మెలికలు పెట్టడం నాకు చేతకాదు.

కొట్టులో గోదావరి వైపునుంచి వచ్చిన గుమస్తా ఒకడు ఉండేవాడు. పనిలో మంచివాడే, నోరు మంచిది కాదు. జీతాల రోజున, "పెంటా, వచ్చి వేలిముద్ర వెయ్యి," అని గట్టిగా పిలిచేవాడు. మొదటిసారి, గుమ్మం దగ్గర కాపలా ఉండే తెలుగు రాని దర్వాను ఆ మాటకి అర్థం అడిగాడు. గుమస్తా హిందుస్తానీలో విడమరచి చెప్పాడు. ఆనాటినుంచి దర్వాను నన్ను కచరా అని పిలిచేవాడు. వాళ్ళు నవ్వితే నేనూ నవ్వేవాణ్ణి. నవ్వకపోతే ఇంకా పెట్రేగిపోతారని. ఇంటికి వెళ్ళాక అన్నం సయించేది కాదు.

ఇల్లంటే లమ్మడా పేటలో మేడ మీద ఒక గది. ఆ గదిలోనే మాకు ఇద్దరు పిల్లలు పుట్టి పోయారు. ఒకడు జ్వరంతో పోయాడు. రెండోది కళ్ళు సరిగ్గా తెరవక ముందే పోయింది. మూడోసారి నా భార్య నీళ్ళోసుకున్నాక నేను ఒక్కటే గట్టిగా అనుకున్నాను. మగపిల్లాడైతే వాడికి మనిషి పేరు పెడతాను. నాలాగ వాడు పదిమందిలో తల దించుకోకూడదు. సిగ్గు విడిచి ఆ గుమస్తానే అడిగాను. ఆయన రాజశేఖరం అన్నాడు. ఆ పేరు గడ్డి దులుపుతూ, మోళీలు కడుతూ నోట్లో నానబెట్టుకున్నాను.

నా భార్య మనసులో వేరే ఉంది. బిడ్డని చేటలో పెట్టి పరాయివాళ్ళకి ఇచ్చెయ్యాలి, తవుడు పోసి తిరిగి కొనుక్కోవాలి, తవుడు అని పిలవాలి. కొన్నవాళ్ళే ఆ పేరు మొదట పిలవాలి. అలా చెయ్యకపోతే వీడూ దక్కడని దాని భయం. అది ఊరికే అన్న మాట కాదు. కడుపుతో ఉన్నన్నాళ్ళూ బిడ్డకని ఒక్క గుడ్డ పీలిక కూడా దాచలేదు, ఉయ్యాల మాట ఎత్తలేదు. నేను రాజశేఖరం అన్న రోజున చెరుగుతున్న చేట కింద పెట్టింది. తర్వాత అంది, "నీ పేరుకి నువ్వు సిగ్గుపడతన్నావు, సరే మావా. ఆ పేరుతోనే బతికున్నావు గదా."

నేను లేచి కిందకి వెళ్ళిపోయాను.

పిల్లాడు పుట్టాడు. కొట్టులో చెబితే దొర సంతోషించి, పేరేమిటని అడిగాడు. నేను నోరు తెరిచేలోగా గుమస్తా అందుకున్నాడు. తండ్రి పేరుకి ఫలానా అర్థం కాబట్టి కొడుకు పేరు ఏమవుతుందో అని మేమంతా ఎదురుచూస్తున్నామన్నాడు. దర్వాను నవ్వాడు. అలవాటు కొద్దీ నేనూ నవ్వాను. దొర నవ్వలేదు. అలాంటి పేరు ఎందుకు పెట్టారని నన్నే అడిగాడు. నేల చూస్తూ చెప్పాను. ఆయన ఖాళీ పెట్టె ఒకటి లాక్కుని నా ఎదురుగా కూర్చున్నాడు.

ఆయన చెప్పింది బజారు హిందుస్తానీలో, నడుమ నడుమ బర్మా మాటలతో. నాకు అర్థమైనంత రాస్తాను. ఆయనకి ముందు పుట్టిన అన్నలు గొంతు జబ్బుతో పోయారట. ఆయన పుట్టగానే నాయనమ్మ ఆ పేరు పెట్టింది. వాళ్ళ భాషలో దానికి ఇష్టం లేనిది, మనసు రానిది అని అర్థమట. పూర్వం వాళ్ళ దేశంలో పేరంటే కీర్తి, శాంతి, పోరు, ప్రేమ, ఇలాంటి మాటలు రెండేసి కలిపి కట్టేవారట. పిల్లలు నిలవని ఇళ్ళలో మటుకు వేరే జాతి పేర్లు ఉండేవట. ప్రియం కానివాడు, ముద్దు రానివాడు, మాకొద్దనుకున్నవాడు. చావు వచ్చి తలుపు దగ్గర ఆ పేరు విని, వీళ్ళకే అక్కర్లేనివాడు నాకెందుకని వెళ్ళిపోవాలి. పాదిరీలు వచ్చి పుణ్యపురుషుల పేర్లు పెట్టించాక అవి మనుషుల్లో మాయమయ్యాయి, ఊళ్ళ పేర్లలో మిగిలాయి. నాయనమ్మ పుట్టింటి పక్కన ఆ పేరు మీద ఒక పల్లె ఉందట. "ఆ పేరుగలవాడు ఎవడో చావకుండా పెద్దవాడై పొలం దున్నుకున్నాడన్న మాట. లేకపోతే ఊరికి వాడి పేరు ఎలా వస్తుంది," అన్నాడు దొర.

ఈయనకి పసితనంలో జ్ఞానస్నానపు నీళ్ళు చల్లేటప్పుడు పాదిరి ఆ పేరు పలకనన్నాడట. కాగితం మీద వేరే పేరు రాశారు. బళ్ళో పిల్లలు ఏడిపిస్తే ఈయనా చాలా ఏళ్ళు కాగితం పేరే చెప్పుకున్నాడు. నాయనమ్మ పోయాక, ఇక ఆ పేరుతో పిలిచేవాళ్ళు భూమ్మీద లేరని తోచి, బోర్డు మీద రాయించుకున్నాడు.

ఇంత విన్నాక నా మనసు కుదుటపడాలి కదా. పడలేదు. ఆయన దొర. ఆయన బోర్డు మీద ఏం రాసుకున్నా జనం టోపీ తీసి దణ్ణం పెడతారు. నా పేరుకి బోర్డు లేదు, దర్వాను నవ్వు ఉంది.

ఆ మాట ఇంట్లో తమాషాకి చెప్పాను. దొరల ఇళ్ళలో కూడా పెంటలుంటాయే అన్నాను. నా భార్య నవ్వలేదు. ఆయనకి ముందు పుట్టినవాళ్ళంతా పోయారా అని అడిగింది. పోయారన్నాను. ఆయనకి ఒంట్లో ఏమైనా జబ్బుందా అని అడిగింది. దున్నపోతులా ఉన్నాడన్నాను. "అయితే ఆయన సేతే కొనిపించాల," అంది.

నేను లేచి నిలబడ్డాను. "కొట్టుకి సేటెట్టుకొని వొస్తావేటే? అందరి ముందా? నా తల ఎక్కడెట్టుకోవాల?"

"నీ తల నాకెందుకు. ఆడి తల నిలబడాల."

నేను దొరని అడగనని తెగేసి చెప్పాను. అది మళ్ళీ ఆ మాట ఎత్తలేదు. ఊరుకుందనే అనుకున్నాను. ఏటి అవతల దలాలో బియ్యం మిల్లులో పనిచేసే దాని అన్న సంపాను పడవ మీద ఏరు దాటి ఒక సంచి తవుడు తెచ్చి ఇచ్చినప్పుడు కూడా నాకు వెలగలేదు.

పురుడు వెళ్ళిన మర్నాడు పొద్దున్న కొట్టులో బేరం జోరుగా ఉంది. మోల్మేను నుంచి వచ్చిన బర్మా వర్తకురాలు ఒకావిడ చాప మీద కూర్చుని గాజులు వెలుగులో తిప్పి చూస్తోంది. నేను పెట్టెలో తల దూర్చి గడ్డి తీస్తున్నాను. పసిపిల్లాడి ఏడుపు వినబడి తలెత్తాను. గుమ్మంలో చేట ఉంది, చేటలో నా కొడుకు. నా భార్య వెనక్కి తిరిగి, వీధి వైపు మొహం పెట్టి నిలబడి ఉంది. ఇచ్చేసిన తల్లి వెనక్కి చూడకూడదు.

గుమస్తా కళ్ళజోడు పైకి తోసి, "ఏమ్మా, బేరానికి తెచ్చావా," అన్నాడు. పిల్లాడు గుక్కపట్టాడు. ఆనవాయితీ ప్రకారం తండ్రి ఎత్తుకోకూడదు. నేను చెయ్యాల్సింది ఒక్కటే, లోపలికి వెళ్ళి దొరకి చెప్పడం. నాకు అడుగు పడలేదు. చేతిలో గడ్డి అలాగే ఉంది. బర్మా ఆవిడ చేటకి అడ్డంగా ఉన్న తన గొడుగు తీసి పక్కన పెట్టుకుంది. నేను ఆ మాత్రం కూడా చెయ్యలేకపోయాను.

ఏడుపు విని దొరే వచ్చాడు. చేట చూశాడు, వీధివైపు తిరిగిన మనిషిని చూశాడు, ఈ పిల్లాడెవరని అడిగాడు.

"నా కొడుకు," అన్నాను. తర్వాత మొత్తం చెప్పాల్సి వచ్చింది, గుమస్తా వింటుండగా, దర్వాను వింటుండగా. ఈ బిడ్డని మీరు తీసుకోవాలి, అప్పుడు వీడు మీవాడు. మా ఆడది తవుడు పోస్తుంది, వీణ్ణి మాకు తిరిగి ఇచ్చెయ్యాలి, ఇచ్చే ముందు పేరు మీరు పిలవాలి. చెబుతూంటే చెవులు కాలిపోయాయి.

దొర చేతులు తుడుచుకుని, వంగి పిల్లాణ్ణి ఎత్తుకున్నాడు. తల కింద చెయ్యి పెట్టడం తెలిసినవాడిలాగే ఎత్తుకున్నాడు. పేరు చెప్పమన్నాడు.

రాజశేఖరం నా నాలుక మీదే ఉంది. నా భార్యకి హిందుస్తానీ రాదు, నేను ఏం చెప్పినా దొర అదే పిలుస్తాడు. పిలిచాక ఇక మార్చడానికి లేదు. దాని వీపు చూశాను. భుజాలు రెండూ చెవులదాకా ఎగబట్టి, దెబ్బ కోసం నిలబడ్డట్టు నిలబడి ఉంది. నా నోట్లోంచి ఏం వస్తుందోనని.

"తవుడు," అన్నాను.

అర్థం అడిగాడు. భూసీ అన్నాను. బియ్యం దంపాక మిగిలేది, గొడ్లకి వేసేది. దర్వాను పెద్దగా నవ్వాడు. దొర వాడివైపు చూడలేదు. పిల్లాడి మొహం దగ్గర మొహం పెట్టి, "తౌదు," అన్నాడు. నా భార్య తల అడ్డంగా ఊపింది, వెనక్కి తిరక్కుండానే. దొర మళ్ళీ అన్నాడు. మూడోసారికి సరిగ్గా వచ్చింది. అప్పుడు అది తిరిగి వచ్చి, సంచి విప్పి తవుడు ఆయన దోసిట్లో పోయబోయింది. పిల్లాడు చేతుల్లో ఉండగా దోసిలి ఎలా వస్తుంది. సగం తవుడు గాజుల మీద పడింది, నేను దులిపాను.

పిల్లాణ్ణి దాని చేతికిచ్చి దొర గుమస్తాతో, నేనింత చౌకగా ఎప్పుడూ ఏదీ అమ్మలేదు, పుస్తకంలో రాయకు అన్నాడు. గుమస్తా నవ్వాడు. ఆ నవ్వు వేరేగా ఉంది. నన్ను ఆ పూటకి ఇంటికి పొమ్మన్నారు.

ఖాళీ చేట పట్టుకుని దాని పక్కన నడిచాను. లమ్మడా మలుపులో నన్ను రంగం తీసుకొచ్చిన మేస్త్రీ ఎదురయ్యాడు, ఇద్దరు పెద్దమనుషుల్ని వెంటబెట్టుకుని. జరీకండువా, చేతిలో కర్ర. మా మగాళ్ళందరం ఆయన ముందు వంగి నిలబడేవాళ్ళమే. ఆగి పిల్లాణ్ణి చూసి, మగపిల్లాడా, మంచిదిరా అన్నాడు. పేరేం పెట్టారని అడిగాడు.

ఇందాక దొర ముందు చెప్పినవాణ్ణి. దర్వాను నవ్వుని మోసినవాణ్ణి. అంత అయ్యాక ఈ ఒక్కసారికి ఏం పోయింది? అయినా నా నోరు ఇలా అంది, "ఇంకా పెట్టనేదు బాబూ."

నా భార్య నడుస్తున్నదల్లా ఆగిపోయింది. మగాళ్ళ ముందు ఎన్నడూ నోరెత్తని మనిషి. కొంగు తల మీదికి లాక్కుని, మేస్త్రీని కాదు, నన్ను చూస్తూ చెప్పింది.

"పెట్టేం. ఆడి పేరు తవుడు. పెంటడి కొడుకు తవుడు."

మేస్త్రీ పక్కనున్నవాళ్ళు నవ్వు దాచుకోడానికి మొహాలు తిప్పుకున్నారు. మేస్త్రీ మాత్రం నవ్వలేదు. అయితే నిలబడతాడులే అని పిల్లాడి కాలు వేలితో ముట్టుకుని వెళ్ళిపోయాడు. అది ముందుకి నడిచింది. నేను చేట తల మీద పెట్టుకుని, మొహం మీద దాని నీడ పడేలా, వెనకాల నడిచాను. ఇల్లు చేరేదాకా వెనక్కి తిరిగి చూడలేదు. ఇంట్లో ఆ రోజుకి నన్ను మావా అని పిలవలేదు.