పెనిమిటి పేరు చెప్పిన రోజు

నోట్లో నాలుక లేనిదాన్నైతే కాదు నేను. బెళుగుప్ప బస్సులో సీటు కోసం కండక్టరుతోనే తగువు పెట్టుకున్న రకం. అలాంటిది కళ్యాణదుర్గం రిజిస్ట్రారాఫీసులో ఒక్క మాట అడిగితే నీళ్లు నమిలాను.

ఏ మతం వాళ్లయినా సరే, పెళ్లిని రిజిస్టరు చేయించాల్సిందేనని కొత్తగా చట్టం వచ్చిన రోజులవి. మా ఆయన సైన్యంలో ఉండేవాడు. పెళ్లి సర్టిఫికెట్ చూపిస్తేనే అక్కడ క్వార్టర్స్ ఇస్తారట. ఆ కాగితం లేక రెండేళ్లుగా ఆయన అక్కడ, నేను ఇక్కడ అత్తతో కూర్చుని శనక్కాయలు ఒలుచుకుంటూ. దరఖాస్తు ముందే ఇచ్చాం. ఇద్దరం వెళ్లి నిలబడి సంతకాలు పెట్టడమే మిగిలింది. ఆ సాయంత్రమే ఆయన రైలెక్కాలి. ఆ పూట పని కాకపోతే మళ్లీ ఏడాది దాకా ఎదురుచూపులే.

మా ముందు కొత్తగా నిఖా అయిన జంట ఉంది. బురఖాలో ఉన్న ఆ పిల్ల టకటకా మొగుడి పేరు చెప్పేసి, సంతకం గీకి, నవ్వుకుంటూ వెళ్లిపోయింది. అబ్బ, ఎంత ధైర్యమో అనుకున్నాను.

“నీ భర్త పేరేంది, చెప్పమ్మా” అన్నాడు ఆఫీసరు.

మొగుడి పేరు పలికితే ఆయుష్షు తగ్గుతుందని మా ఇళ్లల్లో నమ్మకం. పదో తరగతి చదివినదాన్ని, అదంతా ఉత్తదేనని నాకూ తెలుసు. కానీ నా మొగుడు సరిహద్దులో తుపాకి పట్టుకుని నిలబడేవాడు. రేపు ఏదన్నా జరిగితే నా నోటి వల్లే జరిగిందని చచ్చేదాకా కుమిలిపోనా?

“రాసిస్తాను సార్” అన్నాను.

“రాసేది మల్ల. ముందు నోటితో చెప్పల్ల. మొన్న ఎవరో పిల్లను బెదిరించి తెచ్చినారు, నా ఉద్యోగం మీదికొచ్చె.” మా ఆయన వైపు తిరిగాడు. “ఏమప్పా, ఈ పాపకు నువ్వంటే ఇష్టమేనా?”

ఆయన ముఖం ఎర్రబడింది. నాకు ఏడుపొచ్చేసింది.

సాక్షిగా వచ్చిన మా అత్త పక్కనే ఉంది. ఆమె ముందు మొగుడి పేరెత్తితే ఏమనుకుంటుందోనన్నది ఇంకో భయం. మామ బావిలో పూడిక తీస్తుండగా మట్టి విరిగిపడి చనిపోయి అప్పటికి పదేళ్లు. ఆయన్ని ఎప్పుడూ ‘ఆయప్ప’ అనడమే తప్ప, పేరు పెట్టి అనగా నేనెన్నడూ వినలేదు.

“చెప్పు మ్మే” అంది అత్త. “ఇరవై ఏండ్లు కాపురం చేసినా. ఒక్కనాడూ ఆయప్ప పేరు నోట రానీల్యా. అయినా పోయినాడు గదా. నువ్వు చెప్పి, నీ మొగునితో పో.”

చెప్పాను. ఆఫీసంతా వినబడేలా చెప్పాను. పేరు వినగానే మా ఆయన అలవాటుగా అటెన్షన్‌లో నిలబడ్డాడు. ఆఫీసరుతో సహా అందరూ పకపకా నవ్వారు. హమ్మయ్య! గుండెల మీద నుంచి బండ దిగినట్టయింది. సంతకం పెడుతుంటే నాకూ నవ్వు ఆగలేదు.

“పెండ్లికొడుకు తండ్రి పేరు?” అడిగాడు ఆఫీసరు, కాగితం మీద నుంచి తల ఎత్తకుండానే.

మా ఆయన నోరు తెరవబోయాడు. అత్త ఆయన చెయ్యి పట్టుకుంది.

“ఉండ్రా. నేను చెప్తా.”

చెప్పింది. ఆఫీసరు రాసుకున్నాడు. అత్త అదే పేరు మెల్లగా మళ్లీ ఇంకోసారి చెప్పింది.