కాదనలేని గుమాస్తా

ముప్పై ఏళ్ళ ఉద్యోగంలో పెద్ద గుమాస్తా ఎవరికీ కాదని చెప్పలేదు. బస్సుల సంస్థ ఆఫీసులో ఆయనకు దయగల మనిషని పేరు. అసలు సంగతి భార్యకు తెలుసు. ఎదుటివాళ్ళ మొహం చిన్నబోతే ఆయన చూడలేడు, అంతే. కుదరదనిపించిన అర్జీలన్నీ బీరువా కింది అరలో కుక్కి, "చూద్దాం లెండి" అని పంపేసేవాడు. ఆ ఒక్క మాట పట్టుకుని పాపం జనం ఏళ్ళ తరబడి తిరిగేవాళ్ళు.

"అమ్మ పెట్టా పెట్టదు, అడుక్కు తినా తిననివ్వదు అన్నట్టుంది మీ దయ!" అనేది ఆవిడ. ఆయన పేపరు అడ్డం పెట్టుకునేవాడు.

ఆ అరలోకి చేరినవాటిలో ఒక బస్సు డ్రైవరు అర్జీ ఉంది. అతని కూతురికి పుట్టుకతోనే వినపడదు. తల్లి పోయింది. ఏడో ఏట పిల్లను ఎక్కడో దూరంగా, అలాంటి పిల్లల కోసం ఉన్న బడిలో చేర్చి హాస్టల్లో పెట్టాడు. తనను ఆ ఊరి డిపోకు బదిలీ చేయమని అడిగాడు. అక్కడ ఖాళీ లేదు. ఖాళీ లేనిచోటికి బదిలీ ఉండదన్నది ఆఫీసులో అందరికీ నోటికొచ్చిన రూలు. పెద్ద గుమాస్తా అర్జీ పైపైన చూసి, నిట్టూర్చి, తన మామూలు మాటే అన్నాడు. మూడేళ్ళపాటు సెలవు దొరికినప్పుడల్లా డ్రైవరు వచ్చి బెంచీ మీద కూర్చుని వెళ్ళాడు.

చివరికి కోర్టుకెక్కాడు. బదిలీ ఇచ్చి తీరాలని కోర్టు అనలేదు. నాలుగు వారాల్లో తాడో పేడో తేల్చి, కారణం రాసి ఇవ్వమంది. పెద్ద గుమాస్తా గుండెల్లో రాయి పడింది. కాదని రాయాలి, అదీ తన చేత్తో!

మూడు వారాలు కలం మూత తీయడం, పెట్టడంతోనే సరిపోయింది. నాలుగో వారం, రాసే కారణమైనా తప్పు లేకుండా రాద్దామని రూల్సు పుస్తకం తెప్పించాడు. ఖాళీ లేకపోతే బదిలీ లేదు, నిజమే. దాని కిందే ఇంకో పేరా ఉంది. ప్రత్యేక బడిలో బిడ్డ చదువుతున్న ఉద్యోగికి ఖాళీతో నిమిత్తం లేకుండా బదిలీ ఇవ్వవచ్చట. పుస్తకం అచ్చయి ఎనిమిదేళ్ళు. ఆయన వేలు పెట్టి మళ్ళీ చదివాడు. కాదనడానికి భయపడి, అవునని చెప్పదగ్గ కాగితాన్ని మూడేళ్ళు చేతులారా పాతిపెట్టాడు.

ఆర్డరు తానే రాసి, తానే పట్టుకెళ్ళి, సంతకం పడేదాకా ఆఫీసరు గదిలో నిలబడ్డాడు. డ్రైవరును పిలిపించి కుర్చీ చూపించాడు.

"ఇదిగో బాబూ, మీ బదిలీ. మొదటి వారమే ఇవ్వాల్సింది. నేను రూలు సరిగ్గా చూళ్ళేదు. తప్పు నాదే."

డ్రైవరు కాగితం రెండుసార్లు చదివాడు.

"కోపం లేదని అబద్ధమాడను సార్. కానీ ఇప్పుడు కోప్పడే తీరిక లేదు. ఎప్పుడు బయల్దేరొచ్చు?"

"ఇవాళే. ఇక్కణ్ణుంచి పంపే కాగితం కూడా రాసేశాను."

"వెళ్ళగానే సైగల భాష నేర్చుకోవాలి సార్. ఆ బడిలో సాయంత్రాలు పెద్దవాళ్ళక్కూడా చెబుతారు. నెలకో పూట వెళ్ళేవాడికి ఏం వస్తుంది? మా పిల్లకేమో ఇప్పుడు పదేళ్ళు. చేతుల్తో గడగడా మాట్లాడేస్తుంది."

పెద్ద గుమాస్తాకు కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. "ముందు ఏ మాట నేర్చుకుంటారు?" అని అడిగాడు.

డ్రైవరు కాగితాన్ని మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"'అర్థం కాలేదు తల్లీ, మళ్ళీ చెప్పు' అన్నది సార్. మూడేళ్ళుగా అంతా అర్థమైనట్టు తలూపి వస్తున్నాను."