ఆ ఎనిమిది పళ్లు

మా నాటక సమాజంలో ముసలి వేషాలన్నీ ఆయనవే. సినిమా పిచ్చి పట్టి పళ్లు పీకించుకుని చెడిపోయాడని మా అల్లూరులో ఇప్పటికీ చెప్పుకుంటారు. అది నిజం కాదు. పీకించుకోమన్నది నేను.

అప్పటికి ఆయనకు నలభై దాటలేదు. చెరుకు గడ పళ్లతోనే ఒలిచేవాడు. వేషం కట్టేటప్పుడు ముందు పళ్లకు మసి కలిపిన మైనం పూసుకుంటే దూరానికి బోసినోరులా కనిపించేది. జనం వన్స్‌మోర్ అంటే, చచ్చి పడి ఉన్న రాజు కూడా లేచి పద్యం మళ్లీ పాడి మళ్లీ చచ్చేవాడు. పక్కన నాది కొడుకు వేషం. నన్నెవరూ వన్స్‌మోర్ అనలేదు.

ఒకసారి మద్రాసు నుంచి వచ్చిన సినిమా డైరెక్టరు మా నాటకం చూసి నన్ను పక్కకు పిలిచాడు. "ఆ ముసలి వేషం కట్టినాయన్ని వచ్చే నెల పంపించండి. ఉన్నవాడు ఉన్నట్టే రావాలి. మేకప్ మేం చూసుకుంటాం" అన్నాడు. నా వేషం గురించి ఒక్క మాటా అనలేదు.

మర్నాడు వెళ్లేసరికి ఆయన అరుగు మీద వల బాగుచేసుకుంటున్నాడు.

"ఆ మద్రాసు డైరెక్టరు సినిమాలో ముసలి వేషానికి నిన్ను రమ్మన్నాడన్నా. కెమెరాకు మసి తెలిసిపోద్దంట. నిజంగా బోసినోరైతేనే వేషమంట" అన్నాను.

"ఏందిరా, పళ్లు పీకించుకోమన్నాడా?"

"నాతో అట్టనే చెప్పినాడు."

లోపల్నుంచి ఆయన భార్య నవ్వింది. "పీకించుకో. నీకు పీతలు వండే పని తప్పుద్ది నాకు."

ఆయన వద్దంటాడనీ, ఆ వేషం నాకు వస్తుందేమోననీ ఆశపడ్డాను. అంతకుమించి ఆలోచించలేదు. వారం తిరక్కుండా నెల్లూరు పోయి పైన నాలుగు, కింద నాలుగు పీకించుకుని, వాచిన మూతికి తువాలు చుట్టుకుని వచ్చాడు.

మద్రాసు నుంచి తిరిగొచ్చాక నాతో ఒక్క మాటే అన్నాడు. "పళ్లేమైనాయని అడిగినాడ్రా ఆ డైరెక్టరు. ఊడిపోయినాయని చెప్పినా."

నేను తల వంచుకున్నాను.

ఆ సినిమా మా ఊరి టూరింగ్ టాకీసుకు వచ్చినప్పుడు అందరం నేల మీద కూర్చుని చూశాం. ఆయనది ఒకే సీను. కదిలే మూతి ఆయనదే, గొంతు వేరెవరిదో. మాటలో గాలి పోతోందని మరొకరి చేత చెప్పించారట.

"మావా, గొంతు మద్రాసులో మరిచిపోయొచ్చినావా?" అని వెనక నుంచి ఎవడో అరిచాడు. అందరూ నవ్వారు. తువాలు అడ్డం పెట్టుకుని ఆయనా నవ్వాడు.

కట్టుడు పళ్లు పెట్టించుకున్నాడు గానీ, రాగం తీస్తే అవి జారేవి. మరుసటి ఏడు ఆయన వేషాలు నాకిచ్చారు. ఆయన బతికుండగా నిజం చెప్పలేకపోయాను.

నేను మొదటిసారి ముసలిరాజు వేషం కట్టిన రోజు ఆయన ముందు చాప మీద కూర్చున్నాడు. పళ్లకు మసి పూసుకుని పద్యం అందుకున్నాను. నాతోపాటే ఆయన పెదవులూ కదిలాయి. పద్యం అయిపోయింది. జనంలో చప్పుడు లేదు.

ఆయన ఒక్కడే చెయ్యెత్తి, గాలి పోయే నోటితో, "వన్స్‌మోర్" అని అరిచాడు.

అడిగితే పాడాలి. చచ్చి పడి ఉన్నవాణ్ణి లేచి, ఆయన ముఖం చూడకుండా, మళ్లీ పాడాను.