ఒకవైపు వెలుగు

గద్వాలలో ఖాజా మియా తీసే ఫొటోల్లో ముఖానికి ఒకవైపే వెలుగుండేది. రెండోవైపు చెంప, చెవి నీడలో కలిసిపోయేవి. ఆ పద్ధతి ఆయన బొంబాయిలో నేర్చుకున్నాడు. అక్కడొక సినిమా కంపెనీలో ఇషిదా అనే జపాను కెమెరామన్ కింద ఆరేళ్లు దీపాలు మోశాడు. ఇషిదా సెట్టు మీదికి వస్తూనే సగం దీపాలు ఆర్పించేవాడు. ఆరుబయట తీయాల్సి వస్తే ఎండ మెత్తబడేందుకు మబ్బు కోసం పూటంతా కూర్చునేవాడు. నీడ తుడిచేస్తే ముఖం పలకలా చదునైపోతుందని అతని మాట.

1938లో తిరిగొచ్చిన మియా, రేకుల గదికి ఉత్తరాన ఒక్క కిటికీ పెట్టించి స్టూడియో తెరిచాడు. ఊరివాళ్లకేమో ఫొటోలో రెండు చెవులూ కనపడాలి. లేకుంటే ఆయుష్షు సగమేనని భయం.

"మిగిలిన సగం రేపిస్తవా, మియా?" అని పక్క దుకాణం వెంకటన్న ఆటపట్టించేవాడు. మియా నవ్వేవాడు. పద్ధతి మాత్రం మార్చలేదు.

1943లో ధరూర్ నుంచి దేవమ్మ తన కొడుకు కురుమూర్తిని తీసుకొచ్చింది. అతను పటాలంలో చేరాడు, మధ్యాహ్నం రైలుకు పోవాలి. యుద్ధం వల్ల బొంబాయి నుంచి ఫొటో తీసే గాజు ప్లేట్లు రావడం ఆగిపోయి మియా దగ్గర ఒక్కటే మిగిలింది. అది చెడితే మళ్లీ తీయడానికి లేదు.

గోడమీది ఫొటోలు చూసి దేవమ్మ తలుపు దగ్గరే ఆగింది.

"నా కొడుకును గిట్ల చీకట్ల పెట్టకు, అన్నా. నాకు వాడు నిండుగ గావాలె."

కిటికీకి ఎదురుగా తెల్లబట్ట కడితే, వెలుగు దానికి తగిలి తిరిగి ముఖం మీద పడి నీడ పోతుంది. బట్ట పెట్టెలోనే ఉంది. మియా పెట్టె దాకా వెళ్లి, ఉత్తచేతులతో వెనక్కి వచ్చాడు. కురుమూర్తిని స్టూలు మీద కూర్చోబెట్టి, కెమెరా నల్లగుడ్డ కింద తల దూర్చాడు.

దేవమ్మ నిలవలేక కొడుకుకు నీడవైపు వచ్చి అంగీ గుండీలు సర్దసాగింది. మొగుడు పోయినప్పటి నుంచి ఆమె కట్టేది తెల్లచీరే. కెమెరా వెనక అద్దం మీద తలకిందులుగా కనిపించే బొమ్మలో, ఆ చీర తెలుపు తగిలి కురుమూర్తి చీకటి చెంప మెల్లగా తేలింది. నీడ పోలేదు. అందులోంచే దవడ ఎముక, చెవి అంచు కనిపించాయి.

"జర ఒక్కడుగు ఎన్కకు నిలబడు, చెల్లె. కొంగు పరిచి పట్టు."

"ఫొటోల నేను గూడ పడతనా?"

"నువ్వు పడవు. వాని మీద వెలుగు పడ్తది."

ఆమె రెండు చేతులా కొంగు చాపింది. మియా కెమెరా మూత తీసి, మూడు లెక్కపెట్టి, మూసేశాడు.

వారం తర్వాత ఫొటో కోసం దేవమ్మ ఒక్కతే వచ్చింది. దాన్ని గుమ్మం దాకా తీసుకుపోయి చాలాసేపు చూసింది. నీడలో ఉన్న చెవి మీద వేలు పెట్టి, "ఉన్నది" అంది. బాగుందని మాత్రం అనలేదు.