మామగారి ఎర్ర చుక్క

దర్జీ పని చేసే ఆ కోడలికి చుక్కల పిచ్చి మామగారి వల్ల అంటుకుంది. ఆయన ఉద్యోగమంతా వీధిదీపాలు బాగుచేయడంలోనే గడిచింది. రిటైరయ్యాక బైనాక్యులర్ కొనుక్కుని డాబా ఎక్కి ఒక ఎర్ర చుక్కను పట్టుకున్నారు. అది ఉబ్బుతూ ముడుచుకుంటూ ఉంటుంది, దాంతోపాటే వెలుగూ పెరిగి తరుగుతుంది. అలా ఒక విడత పూర్తయ్యేసరికి ఇంచుమించు ఏడాది. చుట్టూ ఉన్న తెల్ల చుక్కలతో పోల్చి, దాని వెలుగు ఎంతో అంచనా కట్టి, నక్షత్రాల సంఘానికి ఫోన్లో చెప్పేవారు.

ఆయన మోకాళ్లు మొరాయించడంతో మెట్ల మీద చేయందించడానికి కోడలు తోడు వెళ్లేది. ఊరికే నిలబడలేక తనూ చూడసాగింది. తంటా అక్కడే వచ్చింది. ఎర్రదే ఎక్కువ వెలుగుతోందని ఆయన, కాదు పక్కనున్న తెల్లదేనని ఆమె. అన్నాలు తినేటప్పుడూ అదే గొడవ. తీర్పు చెప్పమని భర్తను లాగితే, అతను రెండూ బాగానే ఉన్నాయంటూ మెల్లగా జారుకునేవాడు.

ఒక్క విషయంలో మాత్రం ఇద్దరిదీ ఒకటే మాట. ఈ విడత చుక్క నిండుగా వెలగడం బాగా ఆలస్యమైంది.

ఒకరోజు తన కుట్టు కొట్లో ఆమె నల్లదారం అడిగితే ఆయన ముదురు నీలం ఉండ తెచ్చి, ఇది నలుపే కదా అన్నారు. ఆమె ఆయన్ను నేరుగా కళ్ల డాక్టరు దగ్గరికి తీసుకెళ్లింది. శుక్లాలు ముదిరాయన్నాడు డాక్టరు. రెండు కళ్లకూ ఆపరేషన్ అయింది.

కోలుకున్నాక డాబా ఎక్కి ఆయన చాలాసేపు చూశారు.

"ఏమ్మా, ఈ తెల్లవి ఎప్పుడూ ఇంత వెలుగుతాయా?"

"ఎప్పుడూ అంతే మామయ్యా."

"అయితే నువ్వు చెప్పిందే నిజం. మసక కళ్లేసుకుని నీతో పోట్లాడాను."

ఆమెకు నవ్వొచ్చినా, వెంటనే బెంగ పట్టుకుంది. ఆయన పాత లెక్కలు చూసే కదా తనూ ఆలస్యమైందంది, మరి ఆ మాట కూడా తప్పేనేమో? సంఘం వాళ్లకు ఫోన్ చేస్తే, శుక్లాలు నీలి వెలుగును మింగేస్తాయని, అందుకే తెల్లవి మసకబారి ఎర్రదే ఎక్కువ వెలుగుతున్నట్టు కనిపించిందని చెప్పారు. వెలుగు ఎంతన్నదాంట్లో తేడా వచ్చినా, ఎప్పుడు పెరిగి ఎప్పుడు తగ్గిందన్నది సరిగ్గానే పట్టారట. మిగతావాళ్లకూ ఆలస్యంగానే కనిపించిందట. ఆ చుక్కకు ఏ విడతా మరో విడతలా నడవదట.

మామగారి ముఖం వెలిగిపోయింది.

మర్నాటి సాయంత్రం ఇద్దరూ విడివిడిగా కట్టిన అంచనా అచ్చంగా కలిసింది. వాదించడానికి ఏమీ మిగలక ఆయనకు చేయి విరిగినట్టయింది.

"ఇంకో చుక్కను కూడా పట్టుకుందామా అమ్మా?"

ఆమె అప్పటికే వెతుకుతోంది.