మసకలో తిరిగేది

తొంభైల చివర్లో నాకు టీచరు ఉద్యోగం వచ్చింది. పుట్టి పెరిగింది ధర్మవరంలో, మగ్గం గుంట పక్కన. అడవి అంటే పుస్తకాల్లో బొమ్మలే. పోస్టింగు మాత్రం హిందూపురం నుంచి పెనుకొండ పోయే దారిలో, కొండ కింద ఒక చిన్న ఊరికి ఇచ్చారు. ఒకే గది బడి, ముప్పైమంది పిల్లలు, నేనొక్కదాన్నే టీచరు. పెనుకొండలో గది అద్దెకు తీసుకుని రోజూ బస్సులో వచ్చిపోయేదాన్ని. స్టేజిలో దిగితే ఊరు ఇంకా రెండు కిలోమీటర్లు. బండి బాట. మొదట వేరుశనగ చేలు, తర్వాత వంక అనే చిన్న వాగు, అది దాటాక సీతాఫలం పొదలు. ఆ పైన మల్బరీ తోటలు, వాటిని ఆనుకునే కొండ.

నేను చేరిన మూడో నెలలో ఎలుగుబంట్లు కిందికి దిగడం మొదలైంది. సీతాఫలాలు పండే కాలం, వేరుశనగ పీకే కాలం. ఒకనాడు పొద్దున బస్సు దిగుతున్నాను. ఎదురుగా ట్రాక్టరులో ఒక గొర్రెల కాపరిని పడుకోబెట్టి తీసుకుపోతున్నారు. ముఖం మీద కప్పిన తుండుగుడ్డ ఎర్రగా తడిసి అంటుకుపోయింది. ఆ గుడ్డ కింద ముక్కు ఉండాల్సినచోట ఎత్తు లేదు. ఆ రోజు నుంచి దారిలో ప్రతి పొదా నాకు ఎలుగుబంటే. పిల్లలు ఎవరైనా స్టేజి దాకా ఎదురొచ్చేవరకు టీ బంకు దగ్గరే నిలబడేదాన్ని.

ఆ ఊరు బతికేది పట్టుపురుగుల మీద. పురుగుకు చల్లదనం పోని లేత ఆకు కావాలి. అందుకని ఆడవాళ్లు పొద్దు పొడవకముందే ఆకు కోసేవాళ్లు, మళ్లీ పొద్దు వాలాక కోసేవాళ్లు. కాపరికి అలా అయ్యాక ఎండ బాగా ఎక్కేదాకా ఎవరూ తోటకు పోలేదు. కోసిన ఆకు ఇంటికి వచ్చేలోపు వాడిపోయేది. వాడిన ఆకును పురుగు ముట్టదు.

బడికి ఎదురిల్లు ఒక అవ్వది. కొడుకు బెంగళూరులో కట్టడం పనికి పోయాడు. ఇంట్లో అవ్వ, కోడలు, మా బడికి వచ్చే వాళ్ల పిల్ల, రెండు గదుల నిండా పురుగుల తట్టలు. కోడలు నాకంటే ఒకటి రెండేళ్లు పెద్దది. అక్కా అని పిలిచేదాన్ని. మధ్యాహ్నం నాకోసమని గ్లాసుడు మజ్జిగ తీసిపెట్టేది. వాళ్ల తోట అన్నిటికంటే పైన, కొండకు ఆనుకుని ఉంటుంది.

ఒక మంగళవారం ఫారెస్టు వాచరు ఒక జిరాక్సు కాగితం పట్టుకుని బడికి వచ్చాడు. ఊరంతా వరండాలో చేరింది.

"అంతా ఇంగ్లీషులో ఉండాది టీచరమ్మా. తెలుగుది ఇంకా రాలేదంట. నువ్వే చదివి చెప్పు" అన్నాడు.

చదివాను. గుంపుగా పోవాలి. చప్పుడు చేసుకుంటూ పోవాలి. కనబడితే పరుగెత్తకూడదు. పిల్లతో ఉన్న తల్లి చాలా ప్రమాదం. ఒక్కో వాక్యమూ చదివి తెలుగులో చెబుతూ వచ్చాను. గొంతు కూడా పెరిగింది. ఆ తర్వాతి వాక్యంలో ఆ మాట ఉంది. ఎలుగుబంటి ఎక్కువగా క్రెపస్క్యులర్, నాక్టర్నల్ జంతువు అని రాశారు. నాక్టర్నల్ తెలుసు. గుడ్లగూబ పాఠంలో చదివాను, రాత్రిపూట తిరిగేది. మొదటి మాట మాత్రం జన్మలో చూడలేదు.

నేను ఆగిపోవడం కోడలు చూసింది. "ఏ పొద్దులో తిరుగుతాదో రాసినారా మేడం?" అంది. ఊరు తెలుసుకోవాలనుకున్నది అదొక్కటే.

నాది పదో తరగతి దాకా తెలుగు మీడియం, ఆ తర్వాతా తెలుగు మీడియమే. ఇంగ్లీషు అంటే ఉన్న బెరుకు ఎవరికీ తెలియకూడదని మూడు నెలలుగా జాగ్రత్తపడుతున్నాను. ముందు వరసలో నా పిల్లలు నా నోటివంకే చూస్తున్నారు. రెండు మాటలు పక్కపక్కన ఉన్నాయి కాబట్టి రెండూ ఒకటే అయి ఉంటాయి అనుకున్నాను.

"రాత్రిపూట తిరుగుతుందట" అన్నాను.

"కోడి కూసినాంక రాదు కదా?"

"రాదు. రాత్రిపూటే."

అవ్వ మెల్లగా అంది, "నా చిన్నప్పుడు తెల్లారుజామున గూడా చూసినానే అమ్మా."

"అవ్వా, ఇది చదువుకున్నవాళ్లు కొండల్లో తిరిగి చూసి రాసింది" అన్నాను.

అచ్చులో ఉన్నదాని ముందు అవ్వ తన కళ్లతో చూసింది వెనక్కి తీసుకుంది. అది నాకు అప్పుడు గెలుపులా అనిపించింది.

గురువారం కోడలు మజ్జిగ ఇస్తూ నవ్వింది. "నీ పుణ్యాన పురుగులు బతికినాయి మేడం. చీకట్లు విడీ విడకముందే పోయి కోసుకొస్తాండాం."

మజ్జిగ గ్లాసు కింద పెట్టేశాను. అంతవరకు అది ఒక చిన్న బొంకు. ఆమె నవ్వాక అది ఆమె తెల్లవారుజామున నడిచే దారి అయింది. ఆ మాటను అక్షరం అక్షరంగా డైరీలో రాసుకున్నాను. ఆ సాయంత్రం బస్సులోనూ, శుక్రవారం బళ్లోనూ దాన్నే తీసి తీసి చూసుకున్నాను. "నాకు ఆ మాట తెలియదు, ఆగండి" అని చెబితే సరిపోయేది. ఎదురింటి గడప దాకా పోయి కూడా చెప్పలేకపోయాను.

శనివారం హిందూపురంలో టీచర్లకు ట్రైనింగు. టిఫిను వేళ ఒక హైస్కూలు సారును అడిగాను.

"మస్క్యులర్ తెలుసమ్మా, కండరాలది. ఇదెక్కడా వినలేదే. చర్మానికి సంబంధించిందేమో" అన్నాడు ఆయన. చుట్టూ ఉన్నవాళ్లు కూడా తలొక అర్థం చెప్పారు. ఒకరు చెప్పింది ఇంకొకరికి కలవలేదు.

ట్రైనింగు వదలగానే లైబ్రరీకి పోయాను. అట్ట ఊడిపోయిన లావుపాటి ఇంగ్లీషు తెలుగు డిక్షనరీ ఒకటి ఉంది. చెమట చేతులకు కాగితాలు అంటుకుంటున్నాయి. ఆ మాట దొరికింది. మూడు అర్థాలు. ఒకటి, సంధ్యవేళకు సంబంధించిన, మసకగా ఉన్న, తేటగా తెలియని. రెండు, జంతుశాస్త్రంలో, పొద్దు పొడిచే ముందూ పొద్దు గూకాకా ఆ మసక వెలుతురులో తిరిగే. మూడోది సూర్యకిరణాల గురించి ఏదో. అది చదవలేదు.

రెండో అర్థం దగ్గరే నా వేలు ఆగిపోయింది. ఆకు కోసే వేళ, ఎలుగుబంటి తిరిగే వేళ ఒకటే. నేను వాళ్లను సరిగ్గా దాని ఎదురుగా పంపాను.

ఆ ఊళ్లో ఫోను లేదు. రేపు పొద్దున మొదటి బస్సు వచ్చేలోపు వాళ్లు తోటకు పోయి వచ్చేస్తారు. లేదా రారు. బస్టాండుకు పరుగెత్తి పెనుకొండ బస్సు ఎక్కాను. సోమందేపల్లిలో ఆ బస్సు ఎంతసేపు ఆగిందో నాకే తెలుసు. స్టేజిలో దిగేసరికి సూర్యుడు కొండ వెనక్కి పోయాడు.

టీ బంకాయన పొయ్యి ఆర్పుతున్నాడు. "ఈ పొద్దులో యాడికి మేడమ్మా?"

"ఊళ్లోకి."

"రేపు పోరాదా? ఇప్పుడు ఆ పక్క ఎవురూ పోరు."

"రేపటికి ఆలస్యమవుతుంది. మీరు వంక దాకా రాగలరా?"

ఆయన తన కాలు చూపించాడు, పోలియో కాలు. బంకు వెనకనుంచి ఖాళీ నూనె డబ్బా, ఒక కట్టె తెచ్చి ఇచ్చాడు. "కొట్టుకుంటా పో తల్లీ. యాడా ఆపొద్దు."

కొట్టుకుంటూ నడిచాను. చేలల్లో చీకటి ఇంకా దిగలేదు, వెలుతురు మాత్రం పోయింది. ఆకాశం తెల్లగానే ఉంది. నేల మీద ఏది బండో, ఏది కుప్పో, ఏది నిలబడి ఉందో తెలియడం లేదు. డిక్షనరీలో మొదటి అర్థం అప్పుడు కంటికి కనిపించింది. దూరంగా నల్లగా కూర్చున్నదాన్ని చూసి ఆగాను. వేరుశనగ కట్టెల వామి, ఎండిన చెట్ల కుప్ప. ఇంకొక నలుపు, కంప. మూడోది కదిలింది. ఎవరో ఆరేసి మరిచిపోయిన దుప్పటి.

వంకలో చీలమండ దాకా నీళ్లు. బురదలో చెప్పు దిగబడింది. లాక్కోవడానికి వంగాను. అలా వంగినప్పుడు డబ్బా చప్పుడు ఆగింది.

అప్పుడు వినబడింది. ఎవరో నోటితో గాలిని గట్టిగా పీల్చి, మళ్లీ ఊదుతున్నట్టు. అవతలి గట్టు మీద, సీతాఫలం పొదల మొదట్లో ఒక పుట్ట ఉంది. దాని మీద వంగి నల్లగా ఒకటి. ముప్పై బారల దూరం కూడా ఉండదు. వీపు మీద ఒక ముద్ద. ఆ ముద్ద తల ఎత్తింది. పిల్ల.

పీల్చడం ఆగింది. తల్లి వెనక కాళ్ల మీద నిలబడింది. రొమ్ము మీద తెల్లటి వంపు ఒక్కటే తేటగా కనిపించింది, మిగతాదంతా చీకటిలో చీకటి. నా చేతిలో డబ్బా ఉందని గుర్తు లేదు. పరుగెత్తకూడదని కాగితంలో రాశారు. నేను ఆ మాట పాటించి నిలబడలేదు, నా కాళ్లు రాలేదు, అంతే. దాని వాసన వచ్చింది, తడిసిన గోనెసంచి వాసన. చీర తడిసింది వంక నీళ్లకు మాత్రమే కాదని తర్వాత తెలిసింది.

ఎంతసేపో తెలియదు. అది ముందుకాళ్లు దించి, ఒకసారి గుర్రుమని, పొదల్లోంచి పైకి పోయింది. కొమ్మలు విరిగిన చప్పుడు కొండదాకా వినబడింది. అప్పుడు కట్టె చేతికి దొరికింది. డబ్బా సొట్టలు పడేలా కొట్టుకుంటూ, అరుస్తూ, ఒక కాలికే చెప్పుతో ఊళ్లోకి పడ్డాను.

చప్పుడు విని నలుగురు మగవాళ్లు కాగడాలతో ఎదురొచ్చారు. వాళ్ల వెనక అవ్వ.

"ఎవురది? అయ్యో, టీచరమ్మా! ఈ పొద్దులో ఏం పని నీకు?"

"తెల్లారి ఆకుకు పోవద్దవ్వా. ఎవరూ పోవద్దు. రాత్రి ఒక్కటే కాదు. తెల్లవారుజామునా, మునిమాపునా తిరుగుతుంది. నేను తప్పు చెప్పాను."

అవ్వ నా భుజం పట్టుకుని ఇంట్లోకి తీసుకుపోయింది. లోపల పురుగుల తట్టల మధ్య కోడలు గోడకు ఆనుకుని కూర్చుని ఉంది. కుడి మణికట్టుకు వెదురు దబ్బలు పెట్టి కట్టిన కట్టు. పసుపు రాసిన గుడ్డ. ముఖం పాలిపోయింది.

"ఈ పొద్దున" అంది అవ్వ. "తోట గట్టు మీద కనబడిందంట. బుట్ట ఆడనే పారేసి రాళ్ల కట్ట మీదనుంచి దూకింది. చెయ్యి ఇరిగింది. దాని గోరు తగల్లేదు, అదే చాలు."

నేను ఆమె పక్కన కూర్చున్నాను. పొద్దున నేను బస్సులో కిటికీ సీటు కోసం చూసుకుంటున్నప్పుడు ఇది జరిగిపోయింది.

"ఆ మాట నాకు తెలియదక్కా" అన్నాను. "తెలియదని చెప్పడానికి సిగ్గుపడ్డాను."

కోడలు కట్టును రెండో చేత్తో సర్దుకుంది. "అత్త పోవద్దన్నె. టీచరమ్మ చదివి చెప్పింది కదా అని నేనే పోయినా" అంది. అందులో కోపం లేదు. కోపం ఉంటే నాకు కొంచెం తేలికగా ఉండేది.

"ఏం మాట అది?" అని అవ్వ అడిగింది. క్రెపస్క్యులర్ అన్నాను. ఆమె నోరు తిరగలేదు. అర్థం చెప్పాను.

"మసకలో తిరిగేది. అంతే కదా?" అంది అవ్వ. "మాకు తెలిసిందే కదమ్మా. తెలీదని చెప్పింటే మేమే చెప్తాంటిమి."

ఆ రాత్రి అక్కడే పడుకున్నాను. నిద్ర పట్టలేదు. ఆదివారం ఎండ ఎక్కాక పదిమంది డబ్బాలు కొట్టుకుంటూ పోయి మొదట అవ్వవాళ్ల తోటలోనే ఆకు కోశారు. నేనూ కోశాను. కొమ్మ కదిలిన ప్రతిసారీ చెయ్యి ఆగేది. కోసిన వెంటనే తోటలోనే తడి గోనెసంచుల్లో కప్పి తెస్తే ఆకు వాడకుండా నిలిచింది. కొంచెం తక్కువైనా పురుగులు గూళ్లు కట్టాయి. కోడలి మణికట్టు మాత్రం సరిగ్గా అతకలేదు. కడవ ఎత్తాలంటే ఎడమచేత్తోనే ఎత్తేది. నాతో మాట్లాడేది, పిల్లను బడికి పంపేది. నన్ను ఏదైనా చదివి పెట్టమని మాత్రం మళ్లీ అడగలేదు. ఉత్తరం వస్తే వాచరు వచ్చేదాకా దాచుకునేది.

రెండు వేల సంవత్సరం దాటాక నాకు ధర్మవరానికి బదిలీ అయింది, హైస్కూలుకు. అక్కడ ఎలుగుబంట్లు లేవు, ఆటోలు ఉన్నాయి. ఒక సాయంత్రం వాన వెలిశాక మబ్బుల సందులోంచి సూర్యకిరణాలు విసనకర్రలా నేలదాకా దిగాయి. పిల్లలు కేకలు వేశారు. మా సైన్సు సారు వాళ్లను మేడ మీదికి పిలిచి, "వీటిని క్రెపస్క్యులర్ రేస్ అంటారు" అని చూపించారు.

లైబ్రరీలో చదవకుండా వదిలేసిన మూడో అర్థం అదన్నమాట. అందరూ బాగుందన్నారు. నిజంగా బాగుంది. నేను మాత్రం మేడ కింద మసక పడుతున్న మైదానంలో ఏది చెట్టో ఏది మనిషో వెతుక్కుంటున్నాను.

"మేడం, ఆ మాటకు అసలు అర్థం..." అని సారు మొదలుపెట్టారు.

"తెలుసు సార్" అన్నాను. ఎలా తెలుసో చెప్పలేదు. పిల్లల్ని తొందరగా కిందికి దింపి, చీకటి పడకముందే ఇళ్లకు పంపేశాను.